'పుసీఫుట్' అన్న మాట, భద్రాచలం అడవిలో కల్లు చెట్టు



ఆబ్కారీ విధానం మీద పాఠం చదివిన తరువాత మీలో కొందరైనా పాత ఆంగ్ల పత్రికల ప్రతులు తిరగేస్తారని ఆశిస్తున్నాను. 1920ల నాటి ప్రతులు చూస్తే మద్యపానం మీద చర్చ జరిగే చోట 'పుసీఫుట్' అన్న మాట తగులుతుంది. నిఘంటువు తెరిస్తే రెండు అర్థాలు కనిపిస్తాయి. ఒకటి, చప్పుడు కాకుండా నడవడం. రెండు, ఏదీ తేల్చి చెప్పకుండా తప్పించుకు తిరగడం. ఈ రెంటిలో ఏదీ మీ ముందున్న వాక్యానికి అతకదు. పత్రిక తప్పా, నిఘంటువు తప్పా అన్న సందేహం వస్తుంది. రెండూ తప్పు కావు. ఆ మాటకు ఆ కాలంలో మూడో అర్థం ఒకటి ఉండేది: మద్యనిషేధవాది. ఈనాటి చిన్న నిఘంటువులు చాలావరకు దాన్ని వదిలేశాయి.

కొన్నేళ్ల కిందట ఖమ్మంలో సంపర్క తరగతి చెబుతున్నప్పుడు భద్రాచలం వైపు నుంచి వచ్చిన ఒక విద్యార్థి తన అసైన్‌మెంటులో ఇలా రాశాడు: పుసీఫుట్ జాన్సన్ అనే అధికారి ఇండియన్ టెరిటరీలో, ఇండియన్ సర్వీసులో పనిచేస్తూ దొంగసారా అమ్మేవారిని పట్టుకున్నాడు, కాబట్టి అతడు మన దేశంలో పనిచేసిన బ్రిటిషు అధికారి. తరగతిలో నవ్వారు. నేను కూడా మొదట నవ్వాను. ఇంటికి వెళ్లాక ఆలోచిస్తే ఆ పొరపాటు చాలా విలువైనదని తోచింది. ఆ 'ఇండియన్లు' అమెరికా ఆదివాసులు. కానీ మన కోయల, కొండరెడ్ల చరిత్రను ఆ అమెరికా కథ పక్కన పెట్టి చూస్తే పాఠ్యపుస్తకంలో కనిపించని సంగతి ఒకటి బయటపడుతుంది. ఈ వ్యాసం దాని గురించే.

ముందు మాట సంగతి చూద్దాం. పుసీ అంటే పిల్లి, ఫుట్ అంటే పాదం. పిల్లి మెత్తటి పాదాలతో, గోళ్లు లోపలికి ముడుచుకుని, అడుగు చప్పుడు లేకుండా నడుస్తుంది. 19వ శతాబ్దం చివరి దశకంలో అమెరికాలో 'పిల్లి పాదాల' అన్న విశేషణంగా ఈ మాట అచ్చులో కనిపిస్తుంది. 20వ శతాబ్దం తొలి ఏళ్లకు మెల్లగా అడుగులు వేయడం అనే క్రియగా మారింది. మెల్లగా నడిచేవాడు పట్టుబడకుండా తిరుగుతాడు, ఎటూ తేల్చని నాయకుడు కూడా అంతే అనే పోలికతో రాజకీయాల్లోకి వచ్చి రెండో అర్థం సంపాదించుకుంది.

తెలుగులో చూడండి. పిల్లిలా వచ్చాడు అంటే చప్పుడు లేకుండా వచ్చాడని. గోడ మీద పిల్లి అంటే ఎటు దూకుతాడో తెలియనివాడని. పిల్లి రెండు చోట్లా ఉంది. కానీ మనం ఆ రెండు పిల్లులనూ కలపలేదు. ఒకటి నడిచే పిల్లి, మరొకటి కూర్చున్న పిల్లి. తేల్చి చెప్పనివాడిని గురించి మనం ఇంకో మాట కూడా అంటాం, నీళ్లు నములుతున్నాడని. కాబట్టి ఆంగ్ల వాక్యాన్ని తెలుగు చేసేటప్పుడు ఒకే మాట పెట్టి సరిపెట్టలేం. ఏ సందర్భం, ఏ సంవత్సరం అన్నది చూసుకుని మాట ఎంచుకోవాలి. పరీక్షల్లో అనువాద ప్రశ్నకు మార్కులు పోయేది ఇక్కడే.

మూడో అర్థం మాత్రం పిల్లి నుంచి నేరుగా రాలేదు, ఒక మనిషి మీదుగా వచ్చింది. విలియం యూజీన్ జాన్సన్ 1862లో న్యూయార్క్ రాష్ట్రంలో పుట్టాడు. మద్యనిషేధ ఉద్యమంలో పనిచేశాడు. థియొడోర్ రూజ్‌వెల్ట్ అధ్యక్షుడిగా ఉన్న కాలంలో ప్రభుత్వం అతణ్ణి ఇండియన్ టెరిటరీకి, అంటే నేటి ఓక్లహోమా ప్రాంతానికి, ప్రత్యేక అధికారిగా పంపింది. 1908 నుంచి 1911 వరకు ఆదివాసుల వ్యవహారాలు చూసే ఇండియన్ సర్వీసులో ముఖ్య ప్రత్యేకాధికారిగా ఉన్నాడు. రాత్రిపూట చడీచప్పుడు లేకుండా వెళ్లి సారా దుకాణాల మీద పడేవాడు. అందుకే పుసీఫుట్ అన్న పేరు వచ్చింది. అతని పట్టివేతల వల్ల 4,400కు పైగా కేసుల్లో శిక్షలు పడ్డాయని అతని జీవిత చరిత్రల్లో చెబుతారు.

అతడు అమలు చేసిన చట్టం ఏమిటో గమనించండి. అమెరికా ఆదివాసులకు మద్యం అమ్మకూడదన్నది 19వ శతాబ్దం మొదటి నుంచీ అక్కడి కేంద్ర చట్టం. తెల్లవారు తాగవచ్చు, అమ్ముకోవచ్చు. ఆదివాసికి మాత్రం అమ్మరాదు. తన మేలు తాను చూసుకోలేడని ఆదివాసిని గురించి ప్రభుత్వం తీర్మానించుకుంది. ఆ నిషేధం 1953 దాకా పూర్తిగా తొలగలేదు.

ఆ తరువాత జాన్సన్ దేశదేశాలు తిరిగి ఉపన్యాసాలిచ్చాడు. 1919 నవంబరులో లండన్‌లో వైద్య విద్యార్థుల గుంపు ఒకటి అతణ్ణి సభలో నుంచి లాక్కుపోయి వీధుల్లో ఊరేగించింది. ఆ గలాటాలో ఎవరో విసిరిన వస్తువు తగిలి ఒక కంటి చూపు పోయింది. దాని మీద అతడు కక్ష పెట్టుకోకపోవడం వల్ల అంతవరకు ఎగతాళి చేసిన బ్రిటిషు పత్రికలే మెచ్చుకున్నాయి. అప్పటి నుంచి ఇంగ్లాండులో మద్యం ముట్టనివాడూ, ముట్టనివ్వనివాడూ పుసీఫుట్ అయిపోయారు. మద్యం కలపని ఒక పళ్లరసాల పానీయానికి కూడా ఆ పేరు స్థిరపడింది. ఇంగ్లాండు పత్రికల్లో వాడిన మాట ఇక్కడి ఆంగ్ల పత్రికల్లోకి రావడానికి ఎంతో కాలం పట్టదు.

1921లో జాన్సన్ స్వయంగా భారతదేశానికి వచ్చాడు. ఆ సంవత్సరం ఎటువంటిదో మీకు తెలుసు. సహాయ నిరాకరణోద్యమం సాగుతున్నది. కల్లు, సారా దుకాణాల ముందు పికెటింగు, ఆబ్కారీ వేలంపాటల బహిష్కరణ జరుగుతున్నాయి. అతని పర్యటన మీద తారిణీప్రసాద్ సిన్హా రాసిన పుస్తకం 1922లో మద్రాసులోనే అచ్చయింది. మద్యనిషేధానికి పాశ్చాత్య దేశంలో చట్టమే వచ్చిందన్న సంగతి మన జాతీయవాదులకు బలమైన వాదన అయింది. అమెరికాలో నిషేధం 1920 జనవరి నుంచి అమలులో ఉంది. 1933 డిసెంబరులో రద్దయింది.

ఇక మన ప్రాంతానికి వద్దాం. గోదావరికి ఇవతల పాల్వంచ, బూర్గంపహాడ్ నిజాం రాజ్యంలోవి. అవతల భద్రాచలం తాలూకాను నిజాం 1860లో బ్రిటిషు వారికి ఇచ్చాడు. మొదట అది సెంట్రల్ ప్రావిన్సెస్‌లోని ఎగువ గోదావరి జిల్లాలో ఉండేది. 1874లో మద్రాసు రాజధానిలోని గోదావరి జిల్లాకు మార్చారు. స్వాతంత్ర్యం వచ్చాక తూర్పు గోదావరిలో ఉండి, 1959లో ఖమ్మం జిల్లాలో చేరింది. 2014లో భద్రాచలం పట్టణం తెలంగాణలో మిగిలి, చుట్టుపక్కల మండలాలు ఆంధ్రప్రదేశ్‌కు వెళ్లాయి. ఇన్నిసార్లు సరిహద్దు కదిలిన నేల తెలుగు దేశంలో మరొకటి చూపడం కష్టం. సరిహద్దు కదిలిన ప్రతిసారీ అడవిలో ఉన్న మనిషికి రెండు సంగతులు మారేవి: పోడు పన్ను, కల్లు పన్ను.

కల్లు అంటే ఇక్కడ ఏమిటో బయటివారికి వివరించాలి. పల్లంలో తాటి, కొండల మీద జీలుగు. వానాకాలం ముందు గింజలు అడుగంటిన రోజుల్లో జీలుగు కల్లు కడుపు నింపే ఆహారం. హైమెండార్ఫ్ గోదావరికి రెండు వైపులా ఉన్న కొండరెడ్ల మీద 1945లో ప్రచురించిన గ్రంథంలో, ఆ చెట్టు మీద వారి బతుకు ఎంతగా ఆధారపడి ఉంటుందో రాశాడు. దేవతకు ముందు పోసేది అదే, పెళ్లి మాట ఖాయమయ్యేది దానితోనే, తగవు తీరినా అదే. తాగుడు వల్ల నష్టాలు లేవని నేను అనడం లేదు. ఆ నష్టాలు తెలిసిన ఊళ్లలోనే నేనూ తిరిగాను. కానీ చెట్టు మీది కుండకూ, దుకాణంలోని సీసాకూ తేడా ఉంది. మొదటిది ఇంటిది, రెండోదానికి డబ్బు కావాలి. అడవిలో డబ్బు కావాలంటే షావుకారు దగ్గర అప్పు చేయాలి.

1879 రంప పితూరీకి ముందు జరిగింది ఇదే. కొండ ప్రాంతంలో కల్లు గీత మీద కొత్త ఆబ్కారీ నిబంధనలు వచ్చాయి. సొంత వాడకానికి చెట్టు గీసుకోవడం కూడా నేరమయింది. హక్కును గుత్తకు ఇచ్చారు. రంప మన్సబుదారు ఆ పేరుతో ముఠాదారుల నుంచి అదనంగా పిండుకోవడం మొదలుపెట్టాడు. జనం దాన్ని చిగురుపన్ను అన్నారు. చెట్టు చిగురు మీద పన్ను! తెలుగులో ఇంత కోపం నింపిన పన్ను పేరు మరొకటి నాకు తెలియదు. దీనికి పోలీసుల వసూళ్లు, పల్లపు వ్యాపారులు తెచ్చుకున్న కోర్టు డిక్రీలు తోడయ్యాయి. మార్చిలో రంపలో మొదలైన తిరుగుబాటు ఏప్రిల్‌లో గొలుగొండ కొండలకు, జూలైలో భద్రాచలం తాలూకాలోని రేకపల్లికి పాకింది.

ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. రేకపల్లిలో ప్రధాన కారణం కల్లు కాదు, పోడు. సెంట్రల్ ప్రావిన్సెస్ కింద ఉన్నప్పుడు గొడ్డలికి నాలుగు అణాలు కట్టి పోడు కొట్టుకునేవారు. మద్రాసు ప్రభుత్వం వచ్చాక ఆ రేటు దాదాపు మూడింతలయింది, కొన్ని చోట్ల పోడు పూర్తిగా నిషేధించారు. రంప కల్లు కోసం లేచింది, రేకపల్లి పోడు కోసం లేచింది అని విడదీసి రాస్తే జవాబు స్పష్టంగా ఉంటుంది. చాలామంది రెండూ కలిపేసి పది కారణాల పట్టిక రాస్తారు. పట్టిక కంటే ఈ తేడా ముఖ్యం. తిరుగుబాటు అణచివేతకు ఏడాదికి పైగా పట్టింది. నాయకుడు ద్వారబంధాల చంద్రయ్య 1880 ఫిబ్రవరిలో చనిపోయాడు. మన్సబుదారును ప్రభుత్వం తొలగించింది.

ఇప్పుడు ఓక్లహోమాను పక్కన పెట్టండి. అక్కడ ప్రభుత్వం ఆదివాసికి మద్యం అమ్మకూడదంది. ఇక్కడ ప్రభుత్వం ఆదివాసి తన చెట్టు తాను గీసుకోకూడదంది, అమ్మినవాడి దగ్గర కొనుక్కోమంది. అక్కడ అధికారి పిల్లి అడుగులతో వచ్చింది దుకాణం మూయించడానికి. ఇక్కడ ఆబ్కారీ మనిషి కొండెక్కింది దుకాణం నడిపించడానికి. ఒకటి నీతి పేరుతో, మరొకటి రాబడి పేరుతో జరిగింది. రెండు చోట్లా అడగవలసిన వారిని అడగలేదు. మా విద్యార్థి పొరపాటు విలువైనదని నేను అన్నది ఇందుకే. 'ఇండియన్' అన్న ఒక్క మాట దగ్గర అతడు తడబడ్డాడు గాని, చప్పుడు లేకుండా గూడేనికి వచ్చే అధికారిని వెంటనే గుర్తుపట్టాడు. అతని తాతముత్తాతలకు అటువంటివాడు తెలుసు.

1879లో కల్లు హక్కు కోసం లేచిన ఈ కొండల్లోనే, నలభై ఏళ్లు దాటాక, 1921-22 ప్రాంతంలో అల్లూరి సీతారామరాజు కల్లు, సారా మానమని చెప్పాడు. కోర్టులకు పోవద్దు, పంచాయతీలో తేల్చుకోండి అన్నాడు. 1922 ఆగస్టు 22న చింతపల్లి పోలీసు స్టేషను మీద దాడితో సాయుధ పోరాటం మొదలయింది. 1924 మే 7న ఆయన మరణించాడు. పరీక్షలో ఒక ప్రశ్న తరచు ఎదురవుతుంది: రంప ప్రజలు కల్లు కావాలన్నారా, వద్దన్నారా? మొదటి పితూరీ వెనుకబాటు, రెండోది సంస్కరణ అని రాసిన జవాబులు ఎన్నో దిద్దాను. నేను ఒప్పుకోను. రెండు కాలాల్లోనూ ఎదుట నిలిచింది ఆబ్కారీ. మొదటిసారి పన్ను కట్టం, మా చెట్టు మేము గీసుకుంటాం అన్నారు. రెండోసారి కొనం, మీ దుకాణానికి రాం అన్నారు. తాగడమా మానడమా అన్నది పైకి కనిపించే ప్రశ్న. తేల్చే హక్కు ఎవరిదన్నది దాని కింద ఉన్న ప్రశ్న. రాజును పుసీఫుట్ అనగలమా? నిఘంటువు ప్రకారం మూడో అర్థం కొంత సరిపోతుంది. కానీ ఆయన పోలీసు స్టేషన్లకు ముందే కబురు పంపి వెళ్లేవాడని జనం చెప్పుకునే తీరు చూస్తే, మొదటి అర్థం ఆయనకు ఏమాత్రం పొసగదు.

రెండో అర్థానికి, నీళ్లు నమలడానికి, ఉదాహరణలు కావాలంటే కొండ దిగి ప్రభుత్వాల దగ్గరకు రావాలి. 1919 చట్టం ప్రకారం వచ్చిన ద్వంద్వ పాలనలో విద్య, ఆబ్కారీ రెండూ భారతీయ మంత్రుల చేతికి వచ్చాయి. మద్రాసు రాజధాని రాబడిలో ఆబ్కారీది పెద్ద వాటా. దుకాణాలు మూస్తే బడులకు డబ్బు ఎక్కడిదన్న ప్రశ్న మంత్రులను కట్టిపడేసింది. 1937 అక్టోబరు 1న రాజాజీ ప్రభుత్వం సేలం జిల్లాలో నిషేధం మొదలుపెట్టి, 1938లో చిత్తూరు, కడప జిల్లాలకు విస్తరించింది. స్వాతంత్ర్యం వచ్చాక రాజధాని అంతటా అమలుచేశారు. గోదావరికి ఇవతలి హైదరాబాదు రాజ్యంలో ఆ చట్టం లేదు. ఒక ఒడ్డున నేరం, మరో ఒడ్డున లైసెన్సు. నది దాటే పడవలో ఏముందో చెప్పడానికి చరిత్రకారుడు అక్కరలేదు.

1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాక నిషేధం పనిచేస్తున్నదా అని పరిశీలించడానికి రామమూర్తి కమిటీని వేశారు. ఎత్తివేయమని అది సిఫారసు చేసింది. గీత కార్మికులు బతుకు పోయిందని ఆందోళన చేస్తున్నారు. గాంధీ పేరు చెప్పుకునే ప్రభుత్వానికి ఎత్తివేయడం ఇబ్బంది. అటూ ఇటూ తేల్చలేక నలిగిన ప్రకాశం మంత్రివర్గం 1954 నవంబరులో ఈ ప్రశ్న మీదే శాసనసభలో ఒక్క ఓటు తేడాతో ఓడిపోయింది. మద్రాసులో తుపాకీ ముందు గుండె చూపిన మనిషి గురించి ఈ క్రియాపదం వాడవలసి రావడం నాకు ఇష్టం లేదు. కానీ ఆ కొన్ని నెలల గురించి మరో మాట దొరకడం లేదు.

దూబగుంట మహిళలతో మొదలైన 1992 నాటి సారా వ్యతిరేకోద్యమం మరో పాఠంలో వివరంగా ఉంది కనుక ఇక్కడ పొడిగించను. 1993 అక్టోబరు 1 నుంచి సారా నిషేధం, 1995లో సంపూర్ణ మద్యనిషేధం, 1997లో సడలింపు అన్న మూడు సంవత్సరాలు గుర్తుంచుకుంటే చాలు. ఆ స్త్రీలు పిల్లి అడుగులు వేయలేదు. చీపుళ్లు, రోకళ్లు పట్టుకుని పట్టపగలు దుకాణాల మీదికి వెళ్లారు.

ఏజెన్సీకి సంబంధించి మరో రెండు తేదీలు ఉన్నాయి. గిరిజన ప్రాంతాల్లో వ్యాపార మద్యం దుకాణాలు ఉండరాదనీ, సంప్రదాయంగా సొంతానికి తయారుచేసుకునే దానిని అనుమతించాలనీ కేంద్ర ప్రభుత్వం 1975లో మార్గదర్శకాలిచ్చింది. 1996లో వచ్చిన పెసా చట్టం షెడ్యూల్డు ప్రాంతాల్లో మత్తు పదార్థాల అమ్మకాన్ని, వాడకాన్ని నిషేధించే, నియంత్రించే అధికారం గ్రామసభకు, తగిన స్థాయి పంచాయతీకి ఉండేలా రాష్ట్రాలు చూడాలన్నది. 1879లో రంప అడిగినదీ, 1922లో పంచాయతీలు చేయబోయినదీ కాగితం మీద ఒకే వాక్యంలోకి వచ్చాయి. ఆచరణ మీ ఊళ్లో ఎలా ఉందో నాకంటే మీకు బాగా తెలుసు.

అభ్యాసం: మీ ఊళ్లోగాని, దగ్గరి గూడెంలోగాని డెబ్బై దాటిన ఇద్దరు పెద్దలను కలవండి. తాటిచెట్టుకు, జీలుగుకు, ఇప్పపువ్వుకు తమ చిన్నతనంలో ఎవరికి ఏమి కట్టేవారో, ఆబ్కారీ మనిషి వచ్చేముందు ఊరికి ఎలా తెలిసేదో, అతణ్ణి ఏ పేరుతో పిలిచేవారో అడగండి. వారు వాడిన మాటలను వారి యాసలోనే రాసుకోండి, శిష్టభాషలోకి మార్చకండి. గోదావరి ఇవతలి ఒడ్డున ఒకరిని, అవతలి ఒడ్డున ఒకరిని అడిగితే మరీ మంచిది. రెండు పుటలకు మించకుండా రాసి వచ్చే సంపర్క తరగతికి తీసుకురండి.